తీర్పరులు పోయిరి, తీర్పు నిలిచెను

న్యాయపీఠముపై కూర్చున్నవాడు విశ్వాసపాత్రుడు కాడని తేలినప్పుడు లోకమేమి చేయును? వానిని పీఠమునుండి దింపును. దింపి ఊరకుండదు, వాడు వ్రాసిన తీర్పును మరల విచారించును. తీర్పరిని వీథిలోనికి నెట్టి, వాని తీర్పును మాత్రము శిలాశాసనమువలె కాపాడుట ఏ దేశపు ధర్మశాస్త్రమునందును లేదు. సకలజాతులకును నీతిపాఠములు చెప్పు ఒలింపిక్ క్రీడారంగమున మాత్రము కలదు. అచ్చట తీర్పరులు దోషులు; తీర్పు నిర్దోషి. ఈ వింత న్యాయమును గూర్చియే నేడు మా పాఠకులతో కొంత ముచ్చటింపదలచితిమి.

2016వ సంవత్సరము ఆగస్టు 15వ తేదీని బ్రెజిలు దేశమందలి రియో డి జనీరో నగరమున పురుషుల హెవీవెయిటు ముష్టియుద్ధమునకు తుదిపోటీ జరిగెను. 81 కిలోలకు మించి 91 కిలోలకు లోబడిన బరువుగల యోధుల తరగతి అది. ఒకవైపున కజకస్తాను యోధుడు వాసిలీ లెవిట్. మఱియొకవైపున రష్యా యోధుడు ఎవ్గెనీ తిష్చెంకో. తిష్చెంకో అంతకు ముందటి సంవత్సరమే దోహా నగరమున ప్రపంచ విజేతయై వచ్చినవాడు, దీర్ఘకాయుడు, దూరమునుండియే దెబ్బ వేయగల చేయి గలవాడు. లెవిట్ అతనికంటె పొట్టివాడు. పొట్టివాడు పొడుగువానిని గెలువవలెనన్నచో బరిలో మార్గమొక్కటియే గలదు: దెబ్బలకు వెఱవక లోనికి చొచ్చి, దగ్గఱనుండి కొట్టవలెను. మూడు రౌండ్లు, తొమ్మిది నిమిషములు, లెవిట్ ఆ పనియే చేసెను. అతడు ముందునకు వచ్చుచుండెను. తిష్చెంకో వెనుకకు తగ్గుచు, పట్టుకొనుచు, తప్పించుకొనుచు నుండెను. పురుష యోధుల తలకవచములను ఆ క్రీడలలోనే తొలగించిరి. అందుచేత తిష్చెంకో తలపై గాయమునుండి కాఱిన రక్తము సభాసదులందఱకును కనబడెను.

గంట మ్రోగెను. తీర్పు వెలువడెను. ముగ్గురు తీర్పరులును ఏకకంఠముగా 29కి 28 చొప్పున తిష్చెంకో గెలిచెననిరి.

ఈ అంకెల యర్థమును పాఠకులు గ్రహింపవలెను. ప్రతి రౌండునందును గెలిచినవానికి పది, ఓడినవానికి సాధారణముగా తొమ్మిది గుణములు వేయుదురు. మూడు రౌండ్లకు 29–28 అనగా రెండు రౌండ్లు ఒకనివి, ఒకటి రెండవవానిది. అనగా, వెనుకకు తగ్గినవాడు మూడింట రెండు రౌండ్లు గెలిచెనని ఆ ముగ్గురును చేవ్రాలు చేసిరన్నమాట. బరిచుట్టు అయిదుగురు తీర్పరులు కూర్చుందురు. వారిలో ముగ్గురి గుణములనే లెక్కించవలెనని యంత్రము ఎన్నుకొనును. ఆనాటి ఏర్పాటది. యంత్రము ముగ్గురిని ఎన్నుకొనెను సరే. ఆ అయిదుగురిని ఎన్నుకొన్నవారెవరు? అసలు ప్రశ్న అచ్చటనే యున్నది. దానికి పిమ్మట వత్తుము.

సభ ఊరకుండలేదు. తీర్పు వినగానే హేళనధ్వనులు మిన్నుముట్టెను. పతకములిచ్చు సమయమునను అవి ఆగలేదు. ఆ ప్రేక్షకులు రష్యనులకు శత్రువులు కారు. కజకులకు చుట్టములును కారు. టిక్కెట్టు కొనుక్కొని పోరు చూడవచ్చినవారు. కన్నులున్నవారు. స్వర్ణపతకము తిష్చెంకో మెడను, రజతపతకము లెవిట్ మెడను పడెను. క్యూబా యోధుడు ఎరిస్లాండీ సావోన్, ఉజ్బెకిస్తాను యోధుడు రుస్తం తులగానోవ్ కాంస్యపతకములు పుచ్చుకొనిరి.

మఱునాడు, అనగా 16వ తేదీని, ఐర్లాండు యోధుడు మైకేల్ కాన్లన్‌ను మఱియొక తరగతిలో రష్యా యోధుడు నికితిన్ ఓడించినట్లు తీర్పు చెప్పిరి. కాన్లన్ కోపావేశమున తీర్పరులవంక అసభ్యసంజ్ఞ చేసి, ఈ సంఘము క్రింద నిక పోరాడనని లోకము వినునట్లు చెప్పెను. అసభ్యసంజ్ఞను మేము మెచ్చము. కాని దాని వెనుకటి యాశ్చర్యమును చూడుడు: గెలిచెనని చెప్పబడిన నికితిన్ ఆ పోరులో తగిలిన గాయములచే తరువాతి పోటీకి బరిలోనికి రానేలేకపోయెను. విజేత మంచమునకు, పరాజితుడు ఇంటికి!

17వ తేదీని ముష్టియుద్ధమును పాలించు అంతర్జాతీయ సంఘము, అనగా అందఱును ఐబా యని పిలుచు సంస్థ, ఒక ప్రకటన చేసెను. దాని సారాంశమిది: కొలదిపాటి తీర్పులు, ఒక చేతి వ్రేళ్ళకైనను మించనివి, తగిన స్థాయిలో లేవు, సంబంధించిన తీర్పరులు ఈ క్రీడలలో మరల కూర్చుండరు, కాని ప్రకటితములైన ఫలితములన్నియు నిలుచును.

పాఠక మహాశయులారా! ఈ మూడు వాక్యములను నిదానముగా చదువుడు. తగిన స్థాయిలో లేని తీర్పులు కలవని వారే యొప్పుకొనిరి. అవి యెన్నియో వారికి తెలియును. ఎవ్వరు చెప్పిరో తెలియును గనుకనే వారిని తప్పించిరి. కాని ఆ తీర్పులేవో వారు చెప్పలేదు. చేతి వ్రేళ్ళకైనను మించనివైనచో పేర్లు చెప్పుటకు ఎంత కాలము పట్టును? అయిదు పేర్లు చెప్పుటకు నోరు రాని సంస్థ అయిదు వందల మందికి నియమములెట్లు నేర్పగలదు? పేరు చెప్పినచో పతకము కదలును. పతకము కదలినచో సింహాసనము కదలును. అదియే వారి భయము.

పిమ్మట అక్టోబరులో, రియోలో పనిచేసిన ముప్పదియాఱుగురు తీర్పరులను, మధ్యవర్తులను విచారణ ముగియువఱకు ప్రక్కన పెట్టితిమని అదే సంస్థ ప్రకటించెను. ముప్పదియాఱుగురు! అనగా మొత్తము గుంపు. ఒక్కడును నమ్మదగినవాడుగా తోచలేదు; వారు వ్రాసిన తీర్పులన్నియు మాత్రము నమ్మదగినవే! పాలు విఱిగిన కుండను పెరటిలో పాఱవైచి, అదే పాలతో చేసిన పాయసమును అతిథులకు వడ్డించినట్లున్నది.

అయిదేండ్లు గడచెను. 2021 సెప్టెంబరులో కెనడా దేశపు న్యాయశాస్త్రాచార్యుడు రిచర్డ్ మెక్‌లారెన్ తన విచారణ నివేదికను లోకము ముందుంచెను. రియోలో పోరుల ఫలితములను తారుమారు చేయు ఏర్పాటు ఉండెననియు, దాని వేళ్ళు అంతకు పూర్వపు పోటీలలోనే నాటుకొనెననియు అతడు తేల్చి చెప్పెను. ఏ పోరునకు ఏ తీర్పరులు కూర్చుండవలెనో నిష్పక్షపాతముగా నిర్ణయింపవలసిన వ్యవస్థను కొందఱు పెద్దలు తమ గుప్పిట పెట్టుకొనిరట. చెప్పినట్లు చేయువారిని, చూచియు చూడనట్లుండు అసమర్థులను ఏఱి కూర్చుండబెట్టిరట. మాట వినని నిజాయతీపరులను దూరముగా నుంచిరట. లోకమునకు ఈ కుట్ర బయటపడుటకు కారణమైన పోరులలో లెవిట్–తిష్చెంకోల హెవీవెయిటు తుదిపోటీ ముఖ్యమైనదని ఆ నివేదికయే చెప్పుచున్నది.

ఇందాక మేమడిగిన ప్రశ్నకు సమాధానమిదియే. యంత్రము అయిదుగురిలో ముగ్గురిని నిష్పక్షపాతముగనే ఎన్నుకొని యుండవచ్చును. అయిదుగురిని కుర్చీలలో పెట్టిన చేయి మాత్రము నిష్పక్షపాతము కాదు. కంచెయే చేను మేసినప్పుడు కాపరి నిద్రపోయెనా మేలుకొనెనా యని విచారించుట వృథా.

ఇచ్చట ఒక ఆక్షేపణ వినవచ్చుచున్నది. "ముష్టియుద్ధము పరుగుపందెము కాదు, గీటు దాటినవాడెవడో గడియారము చెప్పదు. అది కంటిచూపును బట్టి, అభిప్రాయమును బట్టి చెప్పు తీర్పు. అభిప్రాయభేదమున్నంత మాత్రమున ఫలితములను తిరుగదోడినచో ఇక అంతముండునా?" అని.

ఈ మాటలో కొంత సత్యము కలదని ఒప్పుకొందుము. నిజాయతీతో తప్పు చూచిన తీర్పరిని మేము తప్పుపట్టుట లేదు. అట్టి తప్పులు ప్రతి క్రీడలోను జరుగును, ఓడినవాడు ఓర్చుకొనవలసినదే. ఓర్పు క్రీడాధర్మము. కాని ఆ ఓర్పు ఏ నమ్మకముపై నిలిచియున్నది? తీర్పరి తన కన్నులతోనే చూచెనను నమ్మకముపై. మఱియొకని కన్నులతో చూచుటకై తీర్పరిని కూర్చుండబెట్టిరని తేలినపిదప, అది అభిప్రాయము కాదు, ఆజ్ఞ. అభిప్రాయమును గౌరవింతుము. ఆజ్ఞను గౌరవింపవలసిన పని యోధునకు లేదు.

గదాయుద్ధమున నాభికి దిగువ కొట్టరాదని మన పూర్వులు ధర్మము చెప్పిరి. భీముడు దుర్యోధనుని తొడలు విఱుగగొట్టినప్పుడు బలరాముడు నాగలియెత్తి లేచెను. తన తమ్ముడు ఏ పక్షమున నున్నాడో చూడలేదు. గెలిచినవాడు తన మేనత్త కొడుకని చూడలేదు. ఆ దెబ్బ అధర్మమని సభలో చెప్పెను. ఫలితము మాఱకపోవచ్చును, కాని లోకమునకు నిజము నిలిచిపోయెను. తీర్పరి యననేమో మన పల్లెలలో హరికథ వినిన పిల్లవానికి తెలియును. స్విట్జర్లాండులో కార్యాలయములు పెట్టుకొన్న పెద్దలకు తెలియదా?

రెండవ ఆక్షేపణ మఱింత గంభీరముగా చెప్పుదురు: "ఒకసారి ఇచ్చిన పతకము ఇచ్చినదే, ఒలింపిక్ చరిత్రను తిరుగ వ్రాయరాదు." ఇది వట్టి అబద్ధము. ఒలింపిక్ సంఘము తన చరిత్రను తానే పలుమార్లు తిరుగ వ్రాసెను. సాక్ష్యములను వరుసగా ఉంచుచున్నాము.

మొదటి సాక్ష్యము ఈ హెవీవెయిటు తరగతినుండియే. 1952లో ఫిన్లాండు రాజధాని హెల్సింకీలో హెవీవెయిటు తుదిపోటీ అమెరికా యోధుడు ఎడ్ శాండర్సునకును, స్వీడను యువకుడు ఇంగెమార్ జోహాన్సన్‌నకును జరిగెను. జోహాన్సన్ అప్పటికి ఇరువదియేండ్లు నిండనివాడు. అతడు బరిలో పోరాడక తప్పించుకొని తిరుగుచున్నాడని రెండవ రౌండులో మధ్యవర్తి అతనిని అనర్హుని చేసెను. అంతటితో పోలేదు, రావలసిన రజతపతకమును గూడ ఇయ్యలేదు. పతకవేదికపై రెండవ మెట్టు ఖాళీగా నుండెను. పిరికివాడని సొంత దేశపు పత్రికలే అతనిని ఎత్తిపొడిచెను. ఆ "పిరికివాడు" 1959లో, అదే హెల్సింకీలో మఱియొక తరగతిలో స్వర్ణము గెలిచియుండిన ఫ్లాయిడ్ ప్యాటర్సనును మూడవ రౌండులో ఏడుమార్లు నేలగూల్చి, వృత్తియోధులలో ప్రపంచ హెవీవెయిటు విజేతయయ్యెను. తుదకు 1982లో ఒలింపిక్ సంఘము ఆ రజతపతకమును అతనికి ఇచ్చెను. ముప్పదియేండ్లకు! విజేతయైన శాండర్సు దానిని చూచుటకు లేడు. 1954లోనే, ఇరువదినాలుగేండ్ల వయస్సున, ఒక పోరులో తగిలిన దెబ్బచే చనిపోయెను. హెవీవెయిటు పతకమును ముప్పదియేండ్లకైనను సరిదిద్దగలరని ఋజువైనది గదా.

రెండవ సాక్ష్యము: 1992 బార్సిలోనా క్రీడలలో జలనృత్యపు పోటీయందు ఒక తీర్పరి పొరబాటున తప్పు గుణములు యంత్రములో నొక్కెను, వెంటనే దిద్దుకొనబోయినను సాధ్యపడలేదు. కెనడా యువతి సిల్వీ ఫ్రెషెట్‌నకు రజతమే దక్కెను. మఱుసటి సంవత్సరమున ఆమెకు స్వర్ణమిచ్చిరి. మొదట గెలిచిన అమెరికా యువతి స్వర్ణమును తీసికొనలేదు.

మూడవ సాక్ష్యము: 2002లో సాల్ట్ లేక్ నగరమున మంచుపై జంటనృత్యపు పోటీయందు ఫ్రాన్సు తీర్పరిపై ఒత్తిడి వచ్చినదను రచ్చ లేచెను. అచ్చటను స్వర్ణము రష్యా జంటకే వచ్చెను. వారము తిరుగకముందే కెనడా జంటకు రెండవ స్వర్ణపతకమిచ్చి, రష్యా జంట స్వర్ణమును వారికే యుంచిరి. ఆకాశము విఱిగి పడలేదు. క్రీడలు ఆగలేదు.

నాల్గవ సాక్ష్యము: 1912 స్టాక్‌హోమ్ క్రీడలలో రెండు స్వర్ణములు గెలిచిన అమెరికా ఆదివాసి వీరుడు జిమ్ థోర్ప్. ఎప్పుడో కొలది సొమ్మునకు బేస్‌బాల్ ఆడినాడు గనుక ఔత్సాహికుడు కాడని 1913లో అతని పతకములను లాగుకొనిరి. అతడు మరణించిన పిమ్మట, 1982లో సహవిజేత యని నిర్ణయించి, 1983లో వాటి నకళ్ళను కుటుంబమునకిచ్చిరి. 2022లో ఏకైక విజేత యని తిరుగ వ్రాసిరి. నూటపదియేండ్లకు చరిత్ర కదలెను!

కనుక, "చరిత్రను మార్చము" అనుట నియమము కాదు. ఉత్తర అమెరికా పత్రికలు కేకవేసినప్పుడు వారములో మార్చుదురు. కజకస్తాను కేకవేసినప్పుడు శాస్త్రము చదువుదురు. ఇదియా సమానత్వము? ఐదు వలయముల జెండాపై ఐదు ఖండములున్నవని చెప్పుదురే, ఆ వలయములలో కొన్ని పెద్దవి, కొన్ని చిన్నవియా?

బడుగు దేశముల యోధులకు జరుగు మర్యాద మనకు కొత్తది కాదు. 2014లో దక్షిణ కొరియాలోని ఇంచియాన్ నగరమున ఆసియా క్రీడలు జరిగెను. మణిపూరు బిడ్డ సరితాదేవి అర్ధాంతిమపోటీలో ఆతిథేయ దేశపు యువతిపై పోరాడెను. గెలుపు ఆమెదేయని చూచినవారనేకులు తలచిరి. తీర్పు ఎదుటివారికి పోయెను. మనవారి నిరసనను స్వీకరింపలేదు. పతకప్రదానమునాడు ఆమె కన్నీరు కార్చుచు కాంస్యపతకమును మెడలో వేయనీయక చేత పుచ్చుకొని, తనను ఓడించెననబడిన ఆ కొరియా యువతి మెడలోనే వేసెను. ఆ చర్య క్రీడామర్యాదకు లోపమని కొందఱనిరి, అనవచ్చును. ఆమె క్షమాపణయు చెప్పెను. అయినను ఐబా సంస్థ ఆమెను ఒక సంవత్సరము పోటీలనుండి బహిష్కరించెను.

ఈ రెండు త్రాసులను ప్రక్కప్రక్కన పెట్టి చూడుడు. కన్నీరు కార్చిన యువతికి ఒక యేడు శిక్ష; అది పడుటకు మూడు నెలలైనను పట్టలేదు. రియోలో తీర్పులను తారుమారు చేసినవారి సంగతి బయటి విచారణచే తేలుటకు అయిదేండ్లు. అదియు లోపలివారు తేల్చినది కాదు. 2017లో వారి సొంత విచారణ కుట్రకు సాక్ష్యము లేదనెను. గ్రుడ్డియైన న్యాయదేవతను చూచితిమి. ఏడ్చువారిని మాత్రమే చూడగల న్యాయదేవతను ఇచ్చటనే చూచుచున్నాము.

మఱియొక విచిత్రము. 2012 డిసెంబరులో ఇదే ఐబా భారత ముష్టియుద్ధ సమాఖ్య ఎన్నికలు సక్రమముగా లేవని ఆ సమాఖ్యను సస్పెండు చేసెను. మన యోధులు 2013 ప్రపంచ పోటీలలో త్రివర్ణపతాకము లేక, ఐబా జెండా క్రింద బరిలోనికి దిగవలసివచ్చెను. మన సమాఖ్యలోని కుమ్ములాటలను మేము సమర్థింపము. గద్దెలకై కొట్టుకొని పిల్లల జెండాను పోగొట్టిన మన పెద్దలు సిగ్గుపడవలసినదే. కాని ఎవరి చేత శిక్షింపబడితిమి? తన యింటిలో తీర్పుల సంతబేరము సాగుచుండగా పొరుగింటి ఎన్నికల శుభ్రతను పరీక్షించినవారి చేత! గురివింద తన క్రింది నలుపెఱుగదన్న సామెత వీరికొఱకే పుట్టినది.

ఇంతవఱకు ఐబాను తిట్టితిమి. ఇక దాని నెత్తిపై గొడుగుపట్టిన అంతర్జాతీయ ఒలింపిక్ సంఘము మాటయేమి? 2019లో అది ఐబా గుర్తింపును నిలిపివేసెను. 2023లో పూర్తిగా ఉపసంహరించెను. టోక్యోలోను, 2024లో పారిసులోను ముష్టియుద్ధములను తానే మనుష్యులను నియమించి నడపించెను. 2025లో వరల్డ్ బాక్సింగ్ అను క్రొత్త సంస్థకు తాత్కాలికముగా గుర్తింపునిచ్చి, 2028 లాస్ ఏంజిలిస్ క్రీడలలో ముష్టియుద్ధము ఉండునని నిర్ణయించెను. ఇవన్నియు మంచిపనులే. సంస్థను వెలివేసిరి. అయితే ఆ సంస్థ చేతి వ్రాత మాత్రము ఒలింపిక్ విజేతల పట్టికలో ఇంకను చెరగక యున్నది. దొంగను ఊరినుండి తఱిమి, దొంగసొత్తును ఎచ్చటనుండి పోయినదో అచ్చటికి చేర్పకపోవుట సగము ధర్మము. సగము ధర్మమునకు లోకములో మఱియొక పేరు కలదు, అది అధర్మము.

ఔత్సాహిక యోధుని కష్టమును తీర్పులు చెప్పువారు ఎఱుగుదురో లేదో! వృత్తియోధునకు అన్యాయము జరిగినచో ఆఱునెలలలో మరల పోరు కుదుర్చుకొనును. ఓడినను కూలి ముట్టును. ఒలింపిక్ బరిలో దిగువానికి పోరునకు కూలి లేదు. నాలుగేండ్లకొక్క దినము వచ్చును. ఆ దినమునకై పదియేండ్లు తెల్లవాఱకముందు లేచి పరుగెత్తును; బరువు పెరుగునేమోయని కడుపు మాడ్చుకొనును; ముక్కు పగిలినను ఓర్చుకొనును. అతని జీతమంతయు ఆ ఒక్క తీర్పు. దానిని దొంగిలించుట మెతుకును నోటివద్దనుండి లాగుట. లెవిట్ రియోనాటికి ఇరువదియెనిమిదేండ్లవాడు. 2021లో జరిగిన టోక్యో క్రీడలకును అతడు పోయెను. అచ్చట పతకము దక్కలేదు. కాలము పోరాడువానికొఱకు ఆగదు. ఆగవలసినది తీర్పరి మనస్సాక్షి.

తిష్చెంకో కుట్ర చేసెనని మేమనుట లేదు. అట్లు చెప్పుటకు ఆధారము లేదు. అతడును రక్తము కార్చినవాడే. పెద్దలు చేసిన పాపమునకు అతడు జీవితాంతము హేళనధ్వనుల నడుమ తలవంచుకొని నిలువవలసివచ్చుట అతనికి జరిగిన అన్యాయము. నకిలీ తీర్పు ఓడినవానినే గాక గెలిచినవానినిగూడ దోచుకొనును. 1988 సియోల్ క్రీడలను జ్ఞప్తికి తెచ్చుకొనుడు. అమెరికా యువకుడు రాయ్ జోన్స్ కొరియా యోధుడు పార్క్ సి-హున్‌ను మూడు రౌండ్లును చితుకగొట్టినను స్వర్ణము కొరియాకే పోయెను. ఆ క్రీడలలో ఉత్తమశైలి గల యోధుడను బహుమానము మాత్రము ఓడిన జోన్స్‌నకే యిచ్చిరి. అది తీర్పునకు తామే పెట్టిన మచ్చ. లంచమునకు సాక్ష్యము దొరకలేదని 1997లో ఒలింపిక్ సంఘము తలుపు మూసెను. ముప్పదియైదేండ్లు ఆ పతకము పార్క్ ఇంట ముల్లువలె నుండెను. తుదకు 2023లో అతడే సముద్రములు దాటి జోన్స్ ఇంటికి పోయి, పతకమును అతని చేతిలో పెట్టెను. సంఘములు చేయలేని పని ఒక ముదుసలి యోధుడు చేసెను. ఆనాడు గెలిచినవాడెవడని మమ్మడిగినచో, ఇద్దఱును అందుము.

కాని యోధుల ఔదార్యముపై సంఘములు బ్రదుకరాదు. పార్క్ చేసినది పుణ్యము. సంఘము చేయవలసినది ఋణము. పుణ్యము చేయుమని ఎవరిని నిర్బంధింపలేము. ఋణము తీర్పుమని నిలబెట్టి అడుగవచ్చును. మేమడుగుచున్నాము.

మొదటిది: 2016 హెవీవెయిటు తుదిపోటీకి వాసిలీ లెవిట్‌ను సహవిజేతగా ప్రకటించి స్వర్ణపతకమియ్యవలెను. తిష్చెంకో స్వర్ణమును ముట్టనక్కఱలేదు. బార్సిలోనాలో, సాల్ట్ లేక్‌లో చేసినదే ఇచ్చటను చేయుడు. క్రొత్త శాస్త్రము కోరుటలేదు. మీరు వ్రాసిన శాస్త్రమునే చదువుడనుచున్నాము. రెండవది: చేతివ్రేళ్ళకు మించని ఆ తీర్పులేవో పేరుపేరున చెప్పవలెను. మూడవది: లాస్ ఏంజిలిస్ క్రీడలకు ముందే, పోటీ జరిగిన దినముననే ఫిర్యాదు విని తీర్పు మార్చగల స్వతంత్ర న్యాయసభను ఏర్పఱుపవలెను. పోటీని నడుపువారే తీర్పరులను నియమించుట, వారే ఫిర్యాదును వినుట, ఫిర్యాదు చేసినవానిని వారే శిక్షించుట — ఈ మూడును ఒక చేతిలో నున్నంతవఱకు ఎన్ని పేర్లు మార్చినను సంస్థ అదియే.

ఇది ఎచ్చటనో కజకస్తానువాని గోడు, మనకేల యని చదువరులెవ్వరైన తలతురేమో! మన నిజామాబాదు ఆడుబిడ్డ నిఖత్ జరీన్ 2022లోను, 2023లోను ప్రపంచ విజేతయై వచ్చినప్పుడు ఊరూర పండుగ చేసికొంటిమి. ఆమెను చూచి చేతికి గుడ్డ చుట్టుకొని బరిలో దిగిన బాలికలు, బాలురు మన జిల్లాలలో నేడెందఱో కలరు. వారి తల్లిదండ్రులకు మనమేమని చెప్పి పంపుదుము? "బాగుగా పోరాడుము, గెలుపు మాత్రము కుర్చీలలోనివారి చిత్తము" అని చెప్పి పంపుదుమా? లెవిట్ అన్యాయము దిద్దబడనంతవఱకు ప్రతి పిల్లవాని గెలుపును అప్పుపత్రమే. తీర్పరి చేవ్రాలు పెట్టిననే చెల్లును.

రియో బరిలో ఆ రాత్రి దీపములార్పి ఏండ్లు గడచెను. హేళన చేసిన జనులు ఇండ్లకు పోయిరి. తప్పింపబడిన తీర్పరులు తమ దేశములకు పోయిరి. పతకములిచ్చిన పెద్దలు పదవులు దిగిపోయిరి. పోనిది ఒక్కటియే: పట్టికలో ఒక పంక్తి. దానిని దిద్దుటకు సైన్యములు వలదు, ధనాగారములు వలదు. కొంచెము సిరా, కొంచెము సిగ్గు చాలును. సిరా వారి కార్యాలయములలో సమృద్ధిగానే యుండును. రెండవది కలదో లేదో లాస్ ఏంజిలిస్ క్రీడలలోగా లోకమునకు తెలియగలదు.